కొత్త రాజ్యం, ఐదో మంచం

రెండున్నర జీబీ.
నా సిమ్ములో రోజుకి ఒకటిన్నరే.
డాక్టరు రాసిచ్చిన నీళ్ళు రోజుకి ముప్పావు లీటరు.
రెండు కోటాలూ పొద్దుగూకకముందే అయిపోతాయి.

అందుకే ఆదివారం సగం దింపుకుని,
పన్నెండు కొట్టేదాకా మేలుకుని,
మిగతా సగానికి వేలు నొక్కి పడుకున్నాను.
తెల్లారి చూస్తే తొంభై ఒకటి దగ్గర ఆగిపోయుంది.
మా కవిటి పక్క కరెంటు పోతే టవరూ పోతుంది.

సోమవారం. సోంపేట. ఐదో మంచం.
ఎడమ చేతిలో రెండు సూదులు,
కుట్టిన నరం చర్మం కింద
తుమ్మెదలా గుర్రుమంటూ.
కదిపితే సిస్టరు ఊరుకోదు.
లోహిదాసు తన ఫోన్లోంచి నెట్టు ఇచ్చాడు.
ఆ తొమ్మిది శాతం దిగేలోపు
నా ఒంట్లో రక్తమంతా
ఎన్నిసార్లు బయటికెళ్ళి ఇంటికొచ్చిందో!

పక్క మంచం తవిటమ్మత్త
పలాసలో జీడిపిక్కలు కొట్టిన మనిషి.
రేషను మిషను ఒప్పుకోని వేళ్ళతో
నా ఫోను తనవైపు తిప్పింది.
"ఏట్రా ఢిల్లేసూ, ఏటొచ్చింది?"
"కొత్త రాజ్యమత్తా. మంచుకొండల అవతల."
కాసేపు ఆలోచించింది.
"ఆ ఊళ్ళో నీళ్ళెలాగుంటాయి?"

మార్పుల జాబితా పైకి చదివాను.
ఏడు తలల గుడ్లగూబ.
చచ్చిపోయిన రాజుగారి ఓడ, దానికి కాపలా ఎముకల సైన్యం.
ఉడుము తోలు కవచం, దొరకడం కష్టం.
ఇకమీదట ఊరి బావుల్లో నీళ్ళు తాగితే ప్రాణం నిండదు,
ఎవరి సీసా వాళ్ళే మోసుకెళ్ళాలి.
"అదీ కొత్తేనేటి!"
అని అత్త ఎంత నవ్విందంటే
ఆవిడ మిషను బెదిరి కూత పెట్టింది.
సిస్టరు వచ్చి ఇద్దర్నీ తిట్టింది.

అన్నింటికన్నా అడుగున, సన్న అక్షరాల్లో,
ఎవరూ చదవని చోట ఒక్క పంక్తి:
మీటలన్నీ ఒకే పక్కకి మార్చుకుని
ఒంటిచేత్తో ఆడుకోవచ్చు.

మూడేళ్ళు.
మూడేళ్ళుగా నా వీరుడు దెబ్బ తప్పించుకోలేదు.
దొర్లే మీట ఎడమ బొటనవేలి కింద ఉండేది,
ఆ వేలు ప్రభుత్వం మిషనుది.
జట్టులో నా పేరు నత్త.
వాళ్ళకేం తెలుసు, నేనూ చెప్పలేదు.
యుద్ధం మధ్యలో నిలబడి
కొట్టించుకుంటూ మందులు విసిరేవాణ్ణి.
ఎవరడిగారో ఈ పంక్తి.
చంకలో బిడ్డనెత్తుకున్న తల్లో,
చెయ్యి విరిగిన కుర్రాడో,
నాలాంటి ఇంకో ఐదో మంచమో.

నూరు.
తలుపు తెరుచుకుంది.

ఎదురుగా నిలువు కొండ. ఎక్కితేగానీ దారి లేదు.
రోజుకి నలభై కొబ్బరిచెట్లు దింపినవాణ్ణి,
నాకా కొండ చూపించడం!
కుడి బొటనవేలితో
పట్టు మీద పట్టు వేసుకుంటూ పోయాను.
రాయి దొర్లితే దొర్లాను.
మొదటిసారి, దెబ్బ నా పక్కనించి పోయింది.
"జారకురా, జారకు," అంటోంది అత్త
తన మంచం కమ్మీ గట్టిగా పట్టుకుని.

పైనుంచి చూస్తే లోయలో ఊరు,
పొగ, గొర్రెలు, రాతి నుయ్యి.
"దిగు, ఆ నూతికాడికి పద."
"ఆ నీళ్ళిప్పుడు పనిచెయ్యవత్తా, చదివాను కదా."
"తాగమన్నానేటి? అంత కొండెక్కొచ్చావు,
మొహం కడుక్కో."

దానికి మీట ఇవ్వలేదు వాళ్ళు.
వంగి దాక్కునే మీట ఒకటుంది.
నూతి గట్టు పక్కన
మావాణ్ణి వంచి కూర్చోబెట్టాను,
నా మిషను కూత పెట్టేదాకా.